ప్రవర లేని పరిచయం

కొత్తవారు మన పల్లెకు వచ్చి రచ్చబండ మీద కూర్చుంటే మొదట ఎదురయ్యే ప్రశ్న "ఏ ఊరు?" అన్నది. రెండవది "ఎవరి తాలూకు?" అన్నది. ఇంటిపేరు చెప్పిన తరువాత మూడవ ప్రశ్న అడగవలసిన అవసరం చాలావరకు ఉండదు. కులం, బంధువర్గం, ఏ ఇంట భోజనానికి పిలువవచ్చునో, ఏ అరుగు మీద కూర్చోబెట్టవచ్చునో అన్నీ అందులోనే తెలిసిపోతాయి. సంప్రదాయజ్ఞులు పెద్దలకు నమస్కరించేటప్పుడు గోత్రఋషులను, సూత్రాన్ని, శాఖను చెప్పి చిట్టచివర తమ పేరు చెబుతారు. దానినే ప్రవర అన్నారు. కాలక్రమంలో ఆ మాటకే మరొక అర్థం కూడా ఏర్పడింది. తన ఘనతను తానే ఏకరువు పెట్టే మనిషిని చూసి "తన ప్రవర మొదలుపెట్టాడు" అని నవ్వుకుంటాం. ఆత్మపరిచయం పట్ల మన జాతికి గల మన్నన, అనుమానం రెండూ ఆ ఒక్క మాటలో ఇమిడి ఉన్నాయి.

తెలుగు వికీపీడియాలోనూ ఒక రచ్చబండ ఉంది. సభ్యులు కలిసి చర్చించుకునే చోటుకు వారు పెట్టుకున్న పేరే అది. 2001 జనవరిలో ఆంగ్లంలో మొదలైన ఈ స్వచ్ఛంద విజ్ఞాన సర్వస్వానికి తెలుగు రూపం 2003 డిసెంబరులో వెన్న నాగార్జున చొరవతో ఆరంభమైంది. ఎవరైనా వ్రాయవచ్చు, ఎవరు వ్రాసిన దానినైనా మరొకరు దిద్దవచ్చు అన్నది దాని మూలసూత్రం. అందులో చేరిన ప్రతివారికీ వ్యాసాలతో సంబంధం లేని ఒక పేజీ లభిస్తుంది. దానిని వాడుకరి పేజీ అంటారు. తానెవరో, ఎందుకు వచ్చాడో, ఏమి చేయదలచాడో అందులో చెప్పుకోవచ్చు. ఈ కొద్దిపాటి రచనను సాహిత్య ప్రక్రియగా పరిగణించి ఇంతవరకు మనవారు విమర్శకు తీసుకోలేదు. కాని వేలమంది అపరిచితులు కలిసి ఒక జాతి విజ్ఞానాన్ని కూర్చుతున్నప్పుడు, ఒక్కొక్కరు తమను గూర్చి చెప్పుకునే నాలుగు వాక్యాలు ఉపేక్షింపదగినవి కావు. ఆ వాక్యాలకు ఎంత విలువ ఇవ్వాలన్న ప్రశ్న మీదనే ఆ గ్రంథం విశ్వసనీయత కొంతవరకు ఆధారపడి ఉంది.

ఆత్మపరిచయం తెలుగు సాహిత్యానికి కొత్త కాదు. కావ్యావతారిక అంటేనే కవి, కృతిపతి, కృతి అనే ముగ్గురి పరిచయం. పదకొండవ శతాబ్దిలో నన్నయభట్టు భారతాంధ్రీకరణకు పూనుకుంటూ రాజరాజనరేంద్రుని వర్ణించాడు. తన విద్యను, నిష్ఠను చెప్పుకున్నాడు. తనకు తోడ్పడిన నారాయణభట్టును కూడా స్మరించాడు. ఇంతటి గ్రంథాన్ని నమ్మి చదువవచ్చునని శ్రోతకు భరోసా ఇవ్వడం ఆ పరిచయానికి ప్రయోజనం. మొల్ల పద్ధతి వేరు. రామాయణ అవతారికలో ఆమె తన తండ్రి కేసన పేరు చెప్పింది. శాస్త్రపాండిత్యం తనకు లేదని, శ్రీకంఠ మల్లేశుని అనుగ్రహమే తన కవిత్వానికి మూలమని విన్నవించింది. నన్నయ తన అర్హతను చెప్పి పాఠకుని పిలిస్తే, మొల్ల తన అనర్హతను ఒప్పుకుని పిలిచింది. అయినా ఇద్దరూ గ్రంథానికి ముందు నిలిచి మాట్లాడినవారే. వక్త ఎవరో తెలిసిన తరువాతనే కథ మొదలవుతుంది.

ఈ సంప్రదాయంలోనే దీనికి భిన్నమైన ఉదాహరణ ఒకటి ఉంది. నన్నయ చేతిలో ఆగిపోయిన అరణ్యపర్వాన్ని పూరించిన ఎఱ్ఱాప్రెగ్గడ, ఆ భాగాన్ని తన ఏలిక పేర గాక రాజరాజనరేంద్రునికే అంకితంగా నడిపాడు. నన్నయ శైలిలో ఆరంభించి, అతుకు కనిపించకుండా కథను కొనసాగించి, పూరించినవాడు తానన్న సంగతిని పర్వాంతంలో చెప్పాడు. మూడు శతాబ్దాల వ్యవధిలో ముగ్గురు కవులు ఒకే గ్రంథాన్ని నిర్మించిన చోట, మూడవవాడు చేసిన పని ఇది. ఇతరుల వాక్యం పక్కన తన వాక్యాన్ని చేర్చవలసినవాడు ఎంత ముందుకు రావాలి, ఎంత వెనుకకు తగ్గాలి అన్న విచక్షణ అందులో ఉంది. సామూహిక రచనకు మన సాహిత్యంలో ఇంతకంటె దగ్గరి పోలిక లేదు.

తాళపత్రాలకు ప్రతులు వ్రాసిన లేఖకులది మరొక శ్రేణి. గ్రంథం ముగిసిన తరువాత సంవత్సరం, మాసం, తిథి, తన పేరు వ్రాసి, పొరపాట్లుంటే మన్నించి దిద్దుకోవలసిందని పాఠకుని వేడుకోవడం వారి ఆచారం. ఆ నాలుగు పంక్తులలో బిరుదులు అరుదు. ఎప్పుడు వ్రాశాడు, ఎవరికోసం వ్రాశాడు, ఎక్కడ తప్పిపోయి ఉండవచ్చు అన్నవే ముఖ్యం. నేటి పరిశోధకుడు ఒక ప్రతిని మరొక ప్రతితో పోల్చి పాఠనిర్ణయం చేసేటప్పుడు లేఖకుని వంశం కంటె ఆ తిథే ఎక్కువ ఉపకరిస్తుంది.

అచ్చులో వెలువడిన విజ్ఞాన సర్వస్వాలు కావ్యావతారిక మార్గాన్నే మరొక విధంగా అనుసరించాయి. బ్రిటానికా పదకొండవ కూర్పు (1910–11) వ్యాసాల చివర వ్యాసకర్తల పేర్లలోని తొలి అక్షరాలను ముద్రించి, వారి పదవులను, అర్హతలను వేరొక పట్టికలో చూపింది. వ్యాసాన్ని నమ్మడమంటే ఆ సంతకాన్ని నమ్మడం. తెలుగులో ఈ కార్యానికి ఆద్యులు కొమర్రాజు లక్ష్మణరావు (1877–1923). 1906లో హైదరాబాదులో విజ్ఞానచంద్రికా గ్రంథమండలిని స్థాపించిన వారిలో ముఖ్యులైన ఆయన ఆంధ్ర విజ్ఞాన సర్వస్వానికి పూనుకుని, పండితులను కూర్చి, తాను స్వయంగా వ్యాసాలు వ్రాశారు. కాని అకారాది మాటలు దాటకముందే ఆయన జీవితం ముగిసింది. తరువాత కాశీనాథుని నాగేశ్వరరావు పంతులు ఆ పనిని తిరిగి చేపట్టారు. స్వాతంత్ర్యానంతరం తెలుగు భాషాసమితి విషయానుసారంగా సంపుటాలను వెలువరించింది. ఈ ప్రయత్నాలన్నిటికీ వెనుక పేరున్న పెద్దలున్నారు. పెద్దలు కనుమరుగైనప్పుడల్లా పని ఆగిపోవడం కూడా ఈ చరిత్రలో భాగమే.

వికీపీడియాలో వ్యాసం కింద సంతకం ఉండదు. ఒక్కొక్క మార్పు ఎవరు, ఎప్పుడు చేశారన్నది మాత్రం వ్యాసచరిత్రలో క్రమం తప్పక నమోదవుతుంది. వ్రాసినవాని విద్వత్తు మీద గాక, వ్రాసిన మాటకు చూపిన ఆధారం మీద నమ్మకం నిలవాలన్నది అక్కడి నియమం. అంటే అవతారిక గ్రంథం నుంచి విడిపోయి వేరొక గదిలోకి వెళ్ళింది. శతావధానం చేసిన పండితుడైనా, ఇంటర్మీడియట్ చదువుతున్న విద్యార్థి అయినా ఒక తేదీని సవరిస్తే ఆధారం చూపవలసిందే. ఈ మార్పు సామాన్యమైనది కాదు. మన విద్యాసంప్రదాయంలో ఆప్తవాక్యం ఒక ప్రమాణం. ఇక్కడ ఆప్తుడు తాను ఆప్తుడనని చెప్పుకున్నంత మాత్రాన ఆ వాక్యానికి ప్రమాణత్వం రాదు.

ఆ పేజీకి పెట్టిన పేరును కూడా విమర్శకుడు పరిశీలించాలి. తొలినాళ్ళలో తెలుగు వికీపీడియాలో "సభ్యుడు", "సభ్యులు" అన్న మాటలు వాడుకలో ఉండేవి. తరువాత "వాడుకరి" స్థిరపడింది. నేర్పరి, పొదుపరి వంటి మాటల తీరున ఏర్పడిన దేశిపదం కనుక వినడానికి ఇంపుగా ఉంది. పురుషవాచకమైన "సభ్యుడు" స్థానంలో స్త్రీపురుషులిద్దరికీ చెల్లే మాట రావడం మేలే. అయితే అర్థంలో ఒక లోటు ఉంది. ఇక్కడికి వచ్చినవారు వాడుకునేవారు మాత్రమే కాదు, కట్టేవారు కూడా. బావిలో నీరు తోడుకునేవానికీ, పూడిక తీసేవానికీ ఒకే పేరు పెట్టినట్లయింది. బహుశా అందువల్లనే చాలామంది తమ పేజీలో మొదటి వాక్యంగా తమ వృత్తిని, రెండవ వాక్యంగా తమ అభిరుచిని చెప్పి ఊరుకుంటారు. చేయదలచిన పనిని చెప్పాలని వారికి తోచదు.

ఈ పరిచయాలను స్థూలంగా మూడు తరగతులుగా చూడవచ్చు. మొదటిది ఉద్యోగదరఖాస్తు తరహా. పుట్టిన ఊరు, తల్లిదండ్రులు, పట్టాలు, పదవులు, పొందిన సన్మానాలు వరుసగా ఉంటాయి. ఇది పాత ప్రవరకు కొత్త ప్రతి. రెండవది శూన్యం. పేజీయే ఉండదు, ఆ పేరు ఎర్ర అక్షరాలలో కనిపిస్తుంది. వినయంగా కనిపించే ఈ మౌనం వల్ల తోటివారికి సందేహం వచ్చినప్పుడు ఎవరిని ఏ విషయం అడగాలో తెలియదు. మూడవది పనిపట్టిక తరహా. తాను మొదలుపెట్టిన వ్యాసాలు, సగంలో ఉన్నవి, తనకు అందుబాటులో ఉన్న పుస్తకాలు, తాను చదవగల భాషలు, వాటిలో ఏ మాత్రం ప్రవేశముందో చెప్పే చిన్న పెట్టెలు అందులో ఉంటాయి. తెలుగు మాతృభాష, హిందీ మధ్యమం, ఉర్దూ స్వల్పం అని ఒకరు చెప్పుకుంటే, హైదరాబాదు చరిత్రకు సంబంధించిన ఉర్దూ ఆధారాన్ని సరిచూడడానికి వేరొకరిని వెదకవలసి ఉందని తోటివారు గ్రహిస్తారు. చెప్పుకున్నవాని కంటె చదివేవానికి ఎక్కువ ఉపకరించేది ఈ మూడవ తరహాయే. లేఖకుని గద్యకు నిజమైన వారసత్వం దీనిదే.

పట్టాల పరిచయం ఎంత ప్రమాదకరం కాగలదో 2007లో ఆంగ్ల వికీపీడియాలో వెల్లడైంది. "ఎస్జే" అన్న మారుపేరుతో పనిచేసిన ఒక వాడుకరి తాను మతశాస్త్రంలో డాక్టరేటు పొందిన స్థిర ఆచార్యుడనని పరిచయం చేసుకున్నాడు. 2006 జులైలో "న్యూయార్కర్" పత్రిక ఆ మాటనే ప్రచురించింది. కొద్ది నెలలకు ఆయన ఇరవైనాలుగేళ్ళ యువకుడని, ఆ పట్టాలేవీ లేవని తేలింది. 2007 మార్చిలో ఆయన తప్పుకున్నాడు. విశేషమేమంటే ఆయన చేసిన దిద్దుబాట్లలో అధికభాగం మామూలు నిర్వహణపనే. దానికి డాక్టరేటు అవసరం లేదు. అక్కరలేని ప్రవర చెప్పుకోవడం వల్ల, వాదనలలో దానిని ఆయుధంగా వాడడం వల్ల, చేసిన పని కూడా అనుమానానికి గురైంది. అర్హతలను సరిచూసే ఏర్పాటు చేయాలన్న సూచన అప్పుడు వచ్చింది గాని సభ్యులు దానిని అంగీకరించలేదు. అదే కాలంలో వికీపీడియా స్థాపకులలో ఒకరైన లారీ శాంగర్ అసలు పేర్లతోనే వ్రాయాలన్న నియమంతో "సిటిజెండియం" అనే మరొక విజ్ఞాన సర్వస్వాన్ని ప్రారంభించారు. అది వికీపీడియాకు దీటుగా ఎదగలేకపోయింది. పేరు చెప్పించినంత మాత్రాన పని జరగదని ఈ అనుభవం సూచిస్తుంది.

అయితే పరిచయంలో ఏదీ తప్పనిసరి కాదనుకోవడం కూడా పొరపాటు. వ్రాసినందుకు ప్రతిఫలం పుచ్చుకునేవారు ఎవరి తరఫున వ్రాస్తున్నారో ప్రకటించి తీరాలని 2014లో వికీమీడియా వినియోగ నిబంధనలలో చేర్చారు. పాండిత్యాన్ని దాచుకోవచ్చు గాని ప్రయోజనాన్ని దాచరాదు. ఈ నియమంలోని వివేకం మన పరిస్థితులకు చక్కగా వర్తిస్తుంది. తెలుగు వికీపీడియాలో ఆంధ్రప్రదేశ్, తెలంగాణ రాష్ట్రాల గ్రామాల మీద విస్తారంగా వ్యాసాలున్నాయి. తన ఊరిని గూర్చి వ్రాయాలన్న మమకారంతోనే చాలామంది ఈ పనిలోకి వస్తారు. ఊరి చెరువు పేరు, జాతర జరిగే నెల వారికి తెలిసినట్లు ఇతరులకు తెలియవు. అదే మనిషి తన పెదనాన్న సర్పంచిగా చేసిన సేవలను నాలుగు పేరాలు వ్రాస్తే ఏమవుతుంది? "ఇది మా ఊరు, ఇందులో పేర్కొన్నవారిలో కొందరు మా బంధువులు" అని తన పేజీలో ఒక్క వాక్యం ఉంటే, దిద్దేవారు ఎక్కడ చూడాలో తెలుసుకుంటారు. తన మాటను ఎక్కడ శంకించాలో తానే చూపగలవాడు మంచి సంపాదకుడు.

మారుపేరు విషయంలో మనకు ప్రత్యేకంగా ఆలోచించవలసినది ఉంది. పైన చెప్పినట్లు తెలుగువారి ఇంటిపేరు కేవలం గుర్తు కాదు, సమాజంలో స్థానాన్ని సూచించే చీటీ. ఆ చీటీ చూడకుండా ఒకని వాక్యాన్ని చదివే సందర్భాలు మన విద్యాలోకంలో ఎన్ని? రచ్చబండ చుట్టూ నిలబడి వినడానికే తప్ప దాని మీద కూర్చోవడానికి అర్హత లేదన్న మాట తరతరాలుగా విన్న కుటుంబాలవారు, ఇంటిపేరు చెప్పకుండా వచ్చి ఇక్కడ కూర్చుని ఇతరుల తప్పు దిద్దగలుగుతున్నారు. స్త్రీల విషయంలోనూ అంతే. తాను స్త్రీనని తెలిసిన మరుక్షణం చర్చ విషయం నుంచి వ్యక్తికి మళ్ళే చోట, "వాడుకరి" అన్న లింగభేదం లేని మాట కొంత రక్షణ ఇస్తుంది. 2024లో ఢిల్లీ హైకోర్టు ముందుకు వచ్చిన ఒక దావాలో, ఒక వార్తాసంస్థను గూర్చిన వ్యాసంలో మార్పులు చేసిన వాడుకరుల వివరాలు వెల్లడించాలా అన్న ప్రశ్న తలెత్తింది. పరువునష్టం కలిగిందనే వారికి న్యాయం పొందే హక్కు ఉంది. నిస్స్వార్థంగా వ్రాసేవారికి భయం లేకుండా వ్రాసే అవకాశం కూడా ఉండాలి. ఈ రెండింటి మధ్య గీత ఎక్కడ గీయాలన్నది ఒక్క న్యాయస్థానాల సమస్యే కాదు. ఎవరి పరిచయం ఎవరికి, ఎంతవరకు తెలియాలన్న నాగరికతకు సంబంధించిన సమస్య.

ఇంతవరకు చెప్పినది పనిని చూసి మనిషిని నమ్మాలన్న పక్షం. దీనికి బలమైన ఆక్షేపణ ఒకటి ఉంది. దానిని దాటవేయడం న్యాయం కాదు. వ్రాసినవాడెవరన్నది ముఖ్యం కాదు, అచ్చులో ఉన్న ఆధారమే ముఖ్యం అన్న నియమం, విజ్ఞానమంతా అచ్చయిన భాషలకు సులువు. మన భాషలో ఎంతో విజ్ఞానం అచ్చు కాలేదు. చిటికి కట్టి రంగులద్దే పోచంపల్లి నేతపనివారికి తమ పనిముట్ల పేర్లన్నీ తెలుసు. తోలుబొమ్మలాట కుటుంబాలకు చర్మాన్ని పదును చేసే విధానం తెలుసు. అట్టివారిలో ఒకరు వాడుకరిగా చేరి "ఈ పని మా ఇంట ఏడు తరాలుగా ఉంది" అని పరిచయం చేసుకుని వ్యాసం వ్రాస్తే, "ఆధారం ఏది?" అన్న ప్రశ్న ఎదురవుతుంది. ఏడు తరాలు ఆధారం కావు. ఆ ఇంటికి ఒకనాడు వచ్చి వెళ్ళిన పరిశోధకుడు వ్రాసిన పది పేజీల వ్యాసం ఆధారమవుతుంది. ప్రవరను తొలగించిన నియమమే ఇక్కడ అసలు తెలిసినవారిని వాకిట నిలబెడుతున్నది.

ఈ చిక్కుకు పరిష్కారం నియమాన్ని సడలించడంలో లేదు. సడలిస్తే ఏడు తరాల నేతపనివానితో పాటు ఏడు అబద్ధాలవాడూ లోపలికి వస్తాడు. పరిష్కారం ఆధారాలను పెంచడంలో ఉంది. ఆ పని ఒంటరి వాడుకరి వల్ల కాదు. విశ్వవిద్యాలయాలు, అకాడమీలు, సాంస్కృతిక శాఖలు చేయవలసింది. క్షేత్రపరిశోధన నివేదికలు, వృత్తిపదకోశాలు, చెప్పినవారి పేర్లతో సహా ప్రచురితమై, ఎవరైనా వాడుకోగల అనుమతితో అందుబాటులోకి రావాలి. గోవా విశ్వవిద్యాలయం తన కొంకణి విశ్వకోశాన్ని 2013లో స్వేచ్ఛా అనుమతితో విడుదల చేసి ఈ మార్గాన్ని చూపింది. తెలుగులో ప్రజాధనంతో వెలువడిన సంపుటాలకు ఇటువంటి అనుమతి ఎంత విరివిగా లభిస్తే, తెలుగు వాడుకరి పని అంత గట్టి నేల మీద నిలుస్తుంది. నేతపనివాని పేరు అప్పుడు వాడుకరి పేజీలోనే కాక ఆధారగ్రంథంలో కూడా ఉంటుంది. అసలు ఉండవలసిన చోటు అదే.

అంతవరకు కొత్తగా చేరే వాడుకరి తన పేజీలో ఏమి వ్రాసుకోవాలి? ఏ భాషలు చదవగలడో, ఏ పుస్తకాలు తన దగ్గర ఉన్నాయో, ఏ విషయాలలో తనకు సొంత ప్రయోజనం లేదా మమకారం ఉన్నదో, ఏ పని సగంలో వదిలాడో చెబితే చాలు. పేరు చెప్పడం, చెప్పకపోవడం అతని ఇష్టం. లేని పట్టా మాత్రం చెప్పరాదు. ఉన్న పట్టాను వాదంలో ఆధారానికి బదులుగా వాడరాదు. తప్పు చూపినవారికి బదులిచ్చే అలవాటు ఉన్నదని చూపగలిగితే అది అన్నిటినీ మించిన అర్హత.

కొమర్రాజువారి కాలంలో ఒక మహనీయుని ఆయుర్దాయంతో విజ్ఞాన సర్వస్వం ముడిపడి ఉండేది. నేడది ఎందరో సామాన్యుల తీరిక సమయంతో ముడిపడి ఉంది. ఒకరు వదిలినచోట మరొకరు అందుకోగలగడమే దీని బలం. అందుకోవాలంటే ముందువాడు ఎక్కడ ఆగాడో తెలియాలి. అరణ్యపర్వం ఎక్కడ ఆగిందో ఎఱ్ఱనకు తెలిసినందువల్లనే మనకు సంపూర్ణ భారతం దక్కింది. వాడుకరి పేజీలో మొదటి వాక్యం "నేను ఫలానా" అన్నది కావచ్చు. తరువాత వచ్చేవానికి పనికివచ్చే వాక్యం మాత్రం "నేను ఇంతవరకు చేశాను, ఇక్కడ ఆపాను" అన్నదే.